పడవ ఎవరిది?

(ఏజెన్సీ గ్రామాల్లో గైడ్లుగా, బోటు పనిలో, హోమ్‌స్టేల్లో పనిచేస్తున్న ఆదివాసీ యువత సమావేశంలో చేసిన ప్రసంగ పాఠం)



టూరిజం మీద మాట్లాడమని నన్ను పిలిచారు. ఈ మాట ఎత్తగానే మన ఊళ్లల్లో రెండు వాదనలు వినిపిస్తాయి. "టూరిస్టులు వస్తే పిల్లలకు పని దొరుకుద్ది" అని ఒకరంటారు. "టూరిస్టులు వస్తే మన సంస్కృతి పోద్ది" అని ఇంకొకరంటారు. ఇద్దరూ టూరిస్టు వైపే చూస్తున్నారు. ఆ టూరిస్టు ఎవరి పడవ ఎక్కి వచ్చాడు, ఎవరి ఇంట్లో తిన్నాడు, టికెట్ డబ్బు ఎవరికిచ్చాడు అనేది మాత్రం పెద్దగా ఎవరూ అడగరు.

అందుకే ఈరోజు మిమ్మల్ని ఒక దూర దేశానికి తీసుకెళ్తా. నేను అక్కడికి పోలేదు, పోయేంత డబ్బు నా దగ్గర లేదని మీకూ తెలుసు. చదివి తెలుసుకున్నదే చెప్తున్నా. ఎందుకు చెప్తున్నానంటే, మన ముందున్న ప్రశ్న వాళ్ల ముందుకు యాభై ఏళ్ల కిందటే వచ్చింది. గెలిచారు, ఓడారు, మళ్లీ నిలబడ్డారు.

దక్షిణ అమెరికాలో పెరూ, బొలీవియా దేశాల మధ్య, ఆండీస్ కొండల మీద టిటికాకా అనే సరస్సు ఉంది. సముద్ర మట్టానికి 3,812 మీటర్ల ఎత్తులో. మన తూర్పు కనుమల్లో అన్నింటికన్నా ఎత్తైన కొండకు రెండింతల పైనే. దాని విస్తీర్ణం సుమారు 8,300 చదరపు కిలోమీటర్లు. పాత విజయనగరం జిల్లా మొత్తం అందులో పట్టేస్తుంది. చుట్టూ ఉండేది కెచువా, ఐమారా జనం. స్పెయిన్ వాళ్లు రాకముందు నుంచీ ఆ నేల వాళ్లదే.

సరే, మీరు టూరిస్టు అనుకోండి. పెరూ వైపు ఒడ్డున పునో అనే పట్నంలో దిగారు. గాలి పలచన, తలనొప్పి. కోకా ఆకుల టీ ఇస్తారు, తాగుతారు. పొద్దున్నే బోటెక్కుతారు. అరగంట పోగానే మొదటి మజిలీ, ఉరోస్ తేలే దీవులు.

ఇవి మట్టి దీవులు కావు. ఆ సరస్సులో టోటోరా అనే ఒక రకం తుంగ పెరుగుతుంది. దాని వేళ్ల గడ్డలను కోసి, తాళ్లతో కలిపి కట్టి, పైన తుంగను పొరలు పొరలుగా పరుస్తారు. కింద కుళ్లుతుంటే పైన కొత్తది వేస్తూనే ఉండాలి. ఇల్లు, పడవ, చాప అన్నీ దాంతోనే. దాని మొదట్లో తెల్లగా ఉండే భాగాన్ని తింటారు కూడా. వాళ్ల పాత ఉరు భాష పోయింది, ఇప్పుడు ఐమారా మాట్లాడతారు. గైడ్ ఇదంతా చెప్తాడు. పిల్లలు పాట పాడతారు, మీరు ఫొటో తీస్తారు.

ఆ ఫొటోలో కనపడనిది ఒకటి చెప్తా. 1978లో పెరూ ప్రభుత్వం ఆ తుంగ మడులను టిటికాకా జాతీయ రిజర్వుగా ప్రకటించింది. తరతరాలుగా తుంగ కోసుకుని బతికినోళ్లు, ఒక్క రోజులో రిజర్వు నిబంధనల కిందికి వచ్చారు. ఇది మా నీళ్లు, మా తుంగ అని ఉరోస్ జనం వాదించాల్సి వచ్చింది. అభయారణ్యం బోర్డు పడ్డ తెల్లారి నుంచి వెదురు కోసినందుకు కేసులు ఎదుర్కొన్న ఊళ్లోళ్లు ఈ హాల్లో ఉన్నారు. వాళ్లకు దీన్ని నేను విడమర్చి చెప్పక్కర్లేదు.

బోటు మళ్లీ కదులుతుంది. చాలాసేపు నీళ్ల మీదే. అప్పుడు వస్తుంది టాకీలే దీవి. పునో నుంచి సుమారు 45 కిలోమీటర్లు. దీవి మొత్తం ఆరు చదరపు కిలోమీటర్లు కూడా ఉండదు. కార్లు లేవు. రేవు నుంచి పైకి ఐదొందలకు పైగా రాతి మెట్లు ఎక్కాలి. అక్కడ మగవాళ్లు నడుస్తూ కూడా టోపీలు అల్లుతుంటారు, ఆడవాళ్లు మగ్గం మీద నడికట్లు నేస్తారు. పెళ్లయినవాడి టోపీ ఒక రకం, కానివాడిది ఇంకో రకం. ఆ నేత కళను 2005లో యునెస్కో మానవజాతి వారసత్వ కళాఖండంగా ప్రకటించింది.

గైడ్ మీకు టోపీ రంగుల గురించి బాగా చెప్తాడు. ఆ రెండు గంటల ఆగుడులో భూమి కథ చెప్పే టైం మాత్రం సాధారణంగా దొరకదు. కాబట్టి నేను చెప్తా.

స్పెయిన్ పాలన నుంచి ఆ దీవి భూస్వాముల చేతిలోకి పోయింది. సొంత దీవిలోనే వాళ్లు పాలేర్లయ్యారు. కొంతకాలం ప్రభుత్వం రాజకీయ ఖైదీలను కూడా అక్కడ ఉంచింది. 1930ల నుంచి టాకీలే జనం పైసా పైసా కూడబెట్టి, భూస్వాముల దగ్గర్నుంచి తమ నేలను ముక్క ముక్కగా కొనుక్కోవడం మొదలుపెట్టారు. తమ భూమిని తామే డబ్బిచ్చి కొనుక్కోవడం న్యాయమా అంటే కాదు. కానీ కొన్నారు. ఆ తర్వాత బయటివాళ్లకు అమ్మకుండా ఊరంతా కట్టుబడి ఉన్నారు.

1970ల మధ్యలో ఒక ఇంగ్లీషు గైడు పుస్తకంలో ఈ దీవి గురించి రాశారు. టూరిస్టులు రావడం మొదలైంది. అప్పుడు ఊరు ఏం చేసిందో కొంచెం జాగ్రత్తగా వినండి.

మొదట పడవ. అప్పటిదాకా తెరచాప పడవలే. కుటుంబాలు గుంపులు గుంపులుగా డబ్బులు వేసుకుని, పాత లారీ ఇంజన్లు కొని, తామే కట్టిన పడవలకు బిగించారు. పడవ గుంపు మొత్తానిది. పునో నుంచి దీవికి టూరిస్టులను తెచ్చే హక్కు అధికారుల దగ్గర సంపాదించారు. 1980ల మొదట్లో రావాలన్నా పోవాలన్నా ఊరి పడవే.

తర్వాత బస. హోటల్ కట్టలేదు. వచ్చినవాళ్లను ఊరి కమిటీ రేవు పైనే కలుస్తుంది, వంతుల ప్రకారం ఒక్కో ఇంటికి పంపుతుంది. ఇయ్యాల మీ ఇంటికి, రేపు పక్కింటికి. ఇంగ్లీషు వచ్చినోడికే, రేవు పక్కన ఇల్లున్నోడికే లాభం అనే మాట లేదు.

ఆ తర్వాత నేత. ఊరి చౌక్‌లో సహకార దుకాణం. ధర ఊరు నిర్ణయిస్తుంది, బేరం లేదు. అల్లినవాళ్ల డబ్బు అల్లినవాళ్లకు పోతుంది. అక్కాచెల్లెళ్లు ఒకరి ధర ఒకరు తగ్గించుకుని పోటీ పడే బాధ తప్పింది.

వీళ్లలో చాలామందికి చదువు లేదు, బ్యాంకు లోన్లు లేవు. భూమి ఉంది, కట్టుబాటు ఉంది. అంతే.

ఇక ఓడిన కథ. 1990ల్లో పెరూలో ఫుజిమోరి ప్రభుత్వం స్వేచ్ఛా మార్కెట్ చట్టాలు తెచ్చింది. గుత్తాధిపత్యం కూడదు అన్నారు. వినడానికి బానే ఉంటుంది. కానీ ఆ మాట కింద టాకీలే పడవల హక్కు పోయింది. పునోలోని ప్రైవేట్ ఏజెన్సీలు వేగంగా పోయే బోట్లు, మంచి సీట్లు, హోటల్ నుంచి తీసుకెళ్లే వ్యానుతో దిగాయి. పెద్ద కంపెనీ, పాత లారీ ఇంజన్ పడవ, ఇద్దరూ మార్కెట్లో సమానమే అని చట్టం చెప్పింది.

ఆ దీవిని ఏళ్లపాటు దగ్గర్నుంచి చూసిన పరిశోధకురాలు ఎలేన్ జోర్న్ 2004లో వచ్చిన తన పుస్తకంలో ఈ మార్పును రాశారు. పడవ పోగానే దానితో పాటు మిగతావీ జారిపోవడం మొదలైంది. టూరిస్టు ఎన్ని గంటలకు వస్తాడో ఏజెన్సీ చెప్తుంది. ఎక్కడ భోజనం చేస్తాడో ఏజెన్సీ చెప్తుంది. రాత్రి ఉండడు, సాయంత్రానికి పునో చేరాలి. వంతుల పద్ధతి దెబ్బతింది. దీవికి వచ్చేవాళ్లు పెరిగారు, ఊరికి దక్కే వాటా తగ్గింది.

ఈ ఒక్క ముక్క మీ ఫోన్లో రాసుకోండి. టాకీలే జనం భూమి పోగొట్టుకోలేదు, భాష పోగొట్టుకోలేదు, నేత పోగొట్టుకోలేదు. పడవ పోగొట్టుకున్నారు. అది చాలింది.

వాళ్లు చేతులు కట్టుకు కూర్చోలేదు. తర్వాత సొంత టూర్ ఏజెన్సీ పెట్టుకుని, పోయిన వాటాను తిరిగి తెచ్చుకునే పనిలో పడ్డారు. పోగొట్టుకున్నాక తెచ్చుకోవడం ఎంత కష్టమో వాళ్లను చూస్తే తెలుస్తుంది.

ఇంకో మజిలీ ఉంది. పునో నుంచి రోడ్డు మీద 34 కిలోమీటర్లు పోతే ఉమాయో అనే చిన్న సరస్సు, దాని పక్కన గుట్ట మీద సిల్యుస్తానీ. అక్కడ రాతి బురుజులు ఉంటాయి. చుల్పాలు అంటారు. కొన్ని 12 మీటర్ల ఎత్తు. కింద సన్నగా, పైకి పోయేకొద్దీ లావు. తూర్పు వైపు, సూర్యుడు లేచే దిక్కుకు, మనిషి పాక్కుంటూ పోయేంత చిన్న ద్వారం. ఇవి సమాధులు. ఇంకాలు రాకముందు ఆ నేలను ఏలిన ఐమారా జనం, తమ పెద్దలను మోకాళ్లు ముడిచి కూర్చోబెట్టి, వస్తువులతో సహా అందులో పెట్టారు. ఆ జనం పేరు స్పానిష్‌లో పలికితే 'కోయా' అన్నట్టే వినపడుతుంది. పేరు కలిసిందంతే, మన కోయలతో సంబంధం ఏమీ లేదు. అయినా మొదటిసారి విన్నప్పుడు నాకు ఒళ్లు జలదరించింది.

టూరిస్టుకు అది "శిథిలం". ఎవరో కట్టారు, ఎటో పోయారు అన్నట్టు ఉంటుంది ఆ మాట. కానీ కట్టినోళ్ల వారసులు ఆ గుట్ట కిందే ఆలుగడ్డ, కినోవా పండిస్తున్నారు, అల్పాకాలు మేపుతున్నారు. మన గోదావరి లోయలో జానంపేట దగ్గర, తాడ్వాయి అడవిలో దామరవాయి దగ్గర పెద్ద బండలతో కట్టిన పాత సమాధులు ఉన్నాయి కదా. వాటిని ఏమంటున్నారు? రాక్షస గుళ్లు. చచ్చిపోయిన మనిషికి మనుషులు కట్టిన రాతి ఇంటికి రాక్షసుల పేరు పెట్టారు. చనిపోయిన పెద్దల పేర రాయి నిలబెట్టే సవరలు, గదబలు ఇప్పటికీ ఉన్నారు. మనలో ఎవరైనా గైడ్‌గా అక్కడ నిలబడితే, ఆ బండలు ఎవరి సమాధులో చెప్పే పని మనది. రాక్షసుల కథ చెప్పి వంద రూపాయలు తీసుకోవడం తేలిక. కానీ ఆ కథ విన్నవాడు, ఈ నేల మీద పాత హక్కున్న మనిషి ఎవడూ లేడనుకుని వెళ్లిపోతాడు.

సరస్సు అవతల, బొలీవియా వైపు, సూర్యుడి దీవి ఉంది. ఇంకాలకు పవిత్ర స్థలం. అక్కడ నుంచి ఒక హెచ్చరిక తీసుకోండి. 2017లో శిథిలాల దగ్గర టూరిస్టులకు బస కట్టే విషయంలో రెండు ఐమారా ఊళ్లు, చల్యా, చల్యపంపా, గొడవపడ్డాయి. కట్టింది కూల్చారు, దారి మూశారు. ఏళ్ల తరబడి టూరిస్టులు దీవి ఉత్తర భాగానికి పోలేకపోయారు. బయట కంపెనీ ఏదీ రాలేదు అక్కడ. రెండు ఊళ్లూ మనలాంటి జనమే. పంపకం ముందే కూర్చుని తేల్చుకోకపోతే, మనవాళ్లే మనవాళ్ల దారి మూస్తారు. అందరం ఆదివాసీలమే అన్న నినాదం ఒక్కటే డబ్బు లెక్క తేల్చదు.

ఇప్పుడు మన దగ్గరికి వద్దాం. పాపికొండల బోట్లు మనకు తెలుసు. పేరంటాలపల్లిలో బోటు ఆగుతుంది, కొండరెడ్లు వెదురుతో చేసిన బొమ్మలు, పూలు అమ్ముతారు. బోటు హారన్ కొట్టేలోపు ఎంత అమ్ముడుపోతే అంత. అరకులో మన ధింసా, లంబసింగిలో మన మంచు. బస ఎవరిది, వ్యాను ఎవరిది, బుకింగ్ ఎవరి ఫోన్లో జరుగుతుంది? మీ ఊరి పేరు పెట్టుకుని మీరే లెక్క వేయండి.

టాకీలేకు లేనిది మనకు ఒకటి ఉంది. వాళ్లు భూమిని కొనుక్కోవాల్సి వచ్చింది. మనకు 1/70 చట్టం ఉంది, షెడ్యూల్డ్ ప్రాంతంలో భూమి గిరిజనేతరుల చేతికి పోకూడదు. 1996 పెసా చట్టం ఉంది. 1997 సమతా తీర్పు ఉంది. బొర్రా చుట్టుపక్కల గనుల మీద మొదలైన ఆ కేసులో, ప్రభుత్వం కూడా షెడ్యూల్డ్ ప్రాంత భూమిని గిరిజనేతరులకు లీజుకివ్వకూడదని సుప్రీంకోర్టు చెప్పింది. ఆదివాసీల సహకార సంఘాలకు ఇవ్వొచ్చని కూడా చెప్పింది. ఈ రెండో మాట మనం సరిగా వాడుకోలేదు. ఇక ఆదివాసీ జనాల హక్కులపై ఐఎల్ఓ 169వ ఒప్పందాన్ని బొలీవియా 1991లో, పెరూ 1994లో ఒప్పుకున్నాయి. మన దేశం ఇప్పటికీ ఒప్పుకోలేదు. దాన్ని అడుగుతూనే ఉండాలి.

కానీ భూమి మీద చట్టం ఉన్నంత మాత్రాన పడవ మనది కాదు. బినామీ పేరు మీద మనవాడి పట్టా పెట్టుకుని, లోపల వ్యాపారం వేరొకరు చేసే రిసార్టు ఎలా పుడుతుందో మీ అందరికీ తెలుసు. ఆ సంతకం పెట్టేది మనవాడే. ఆ గేటు దగ్గర కాపలా ఉండేదీ మనవాడే.

కాబట్టి ఈ సమావేశం నుంచి ఊరికి పోయాక చేయాల్సిన పని చెప్తా. గ్రామసభ పెట్టించండి. మన ఊరికి వచ్చే వాళ్లను తెచ్చే బండి, బోటు ఏ సంఘం పేరు మీద ఉండాలో తీర్మానం రాయించండి. ఇళ్ల వంతు పట్టీ రాయండి, గోడ మీద అంటించండి, అది అందరికీ కనపడాలి. వెదురు బొమ్మకు, తేనె సీసాకు ఊరంతా ఒకే ధర పెట్టండి. ఫొటో తీయకూడని చోటు ఏది, బయటివాళ్లు అడుగు పెట్టకూడని పండుగ ఏది అని పెద్దలను అడిగి ముందే తేల్చండి. పక్క ఊరితో కూర్చుని దారి, వాటా మాట్లాడుకోండి. ఇవన్నీ టూరిస్టులు పదిమంది వస్తున్నప్పుడే కావాలి. వెయ్యిమంది వచ్చాక మనల్ని ఎవరూ అడగరు.

మీలో గైడ్ జీతం కోసం వచ్చినవాళ్లు ఉన్నారు. తప్పేం లేదు, ఇంట్లో పొయ్యి వెలగాలి. నేనడిగేది ఒక్కటే. జీతం తీసుకుంటూనే లెక్క నేర్చుకోండి. డీజిల్ ఎంత, లైసెన్స్ ఎక్కడిస్తారు, బుకింగ్ ఎలా పెడతారు, లైఫ్ జాకెట్లు ఎన్ని ఉండాలి. 2019 సెప్టెంబరులో కచ్చులూరు దగ్గర బోటు మునిగినప్పుడు ప్రాణాలకు తెగించి కొందరిని ఒడ్డుకు చేర్చింది దగ్గరి ఊళ్ల జనమే. నది తెలిసింది మనకు. రేపు పడవ కొనాలన్నా, నడపాలన్నా ఈ లెక్కలే కావాలి.

జోహార్.