పాతకాలపు చీర్‌లీడరు వేషము

వేషము వేయుట వేరు, వేషము కుదురుట వేరు. దూరము నుండి చూచువారికి రంగు చాలును. దగ్గరకు వచ్చి చూచువారికి కుట్టు కూడ సరిపోవలెను. అమెరికాలో ఏటేట అక్టోబరు 31వ తేదీన జరుగు హాలోవీన్ పండుగనాడు పిల్లలు తమకు నచ్చిన పాత్రల వేషములు ధరించి ఇల్లిల్లు తిరుగుదురు. అచ్చట కాపురమున్న తెలుగు కుటుంబముల పిల్లలును ఈ వేడుకలో పాల్గొనుచుందురు. ఇటీవలి సంవత్సరములలో ఆడపిల్లలు మక్కువతో కోరిన వేషములలో ఒకటి, 'స్ట్రేంజర్ థింగ్స్' అను టెలివిజన్ ధారావాహికలోని క్రిస్సీ కన్నింగ్‌హామ్ అను చీర్‌లీడరు వేషము. ఈ పాతకాలపు ఉడుపును యథాతథముగ సమకూర్చుకొనుట ఎట్లు, అందులోని చిక్కులెవ్వి, అను విషయమును శ్రోతలకు మనవి చేయుట మా నేటి ఉద్దేశము.

చీర్‌లీడరు అనగనే మనలో పలువురికి 2008లో ఆరంభమైన ఐ.పి.ఎల్. క్రికెట్ పోటీలు స్ఫురించును. బౌండరీ అవతల వేదికపై ఆడిన ఆ నర్తకులు వేతనమునకు వచ్చినవారు. అమెరికా పాఠశాలలోని చీర్‌లీడరు అట్టిది కాదు. ఆమె ఆ బడిలోనే చదువుకొను విద్యార్థిని. తన బడి జట్టు ఆడుచుండగా ప్రేక్షకులచేత ఏకకంఠముగ కేకలు వేయించుట ఆమె పని. కనుకనే ఆమె ఉడుపునకు రంగు ఆమె కోరినది కాదు, బడి జెండాకున్నది. 1898 నవంబరు 2న మిన్నెసోటా విశ్వవిద్యాలయమున జానీ కాంప్‌బెల్ అను విద్యార్థి ప్రేక్షకుల ఎదుట నిలిచి కేకలను నడిపించెను. ఈ విద్యకు అదియే ఆరంభమని చెప్పుదురు. మొదట ఇది మగపిల్లల వ్యవహారమే. ఆ విశ్వవిద్యాలయముననే 1923లో స్త్రీలకు ఇందు ప్రవేశము కలిగినది. 1948లో లారెన్స్ హెర్కిమర్ జాతీయ సంఘమును స్థాపించి, శిక్షణ శిబిరములు నడిపి, దీనికొక క్రమమును కల్పించెను.

కాలము మారిన కొలది ఉడుపును మారినది. 'పాతకాలపుది' అను ఒక్క మాటతో అంగడికి పోయిన మోసపోవుదుము. 1950 ప్రాంతముల వేషమునకు మందమైన ఉన్ని స్వెట్టరు, దానిపై బడి అక్షరము, మోకాలి క్రిందికి దిగు ఘేరు పావడా, నలుపు తెలుపుల శాడిల్ బూట్లు లక్షణములు. తరువాతి రెండు దశాబ్దములలో పావడా మోకాలి పైకి జరిగినది. ఉన్నికి బదులు పాలియెస్టరు అల్లిక గుడ్డ వచ్చినది. 1980 ప్రాంతములకు తేలికయైన పైతొడుగు, పొట్టి కుచ్చిళ్ళ పావడా, తెల్లని బూట్లు రూఢియైనవి. నేడు పోటీలలో కానవచ్చు మెరపు రాళ్ళు, ఒంటికి అంటుకొను సాగుడు గుడ్డ, తలపై పెద్ద రిబ్బను ముడి ఆ కాలమునకు తగవు. అంగళ్ళలో సిద్ధముగ దొరకు వేషములలో ఈ మూడు యుగములు తరచుగా కలగాపులగమై యుండును.

ఇక మన పాత్ర సంగతి. 2022 మే 27న విడుదలయిన నాలుగవ భాగములో క్రిస్సీ కనిపించును. గ్రేస్ వాన్ డీన్ ఆ పాత్రను ధరించినది. కథాకాలము 1986 వసంతము; కథాస్థలము ఇండియానా రాష్ట్రములోని హాకిన్స్ అను కల్పిత పట్టణము. బడి జట్టు పేరు టైగర్స్. ఉడుపులో ఆకుపచ్చ ప్రధానము. తోడుగా తెలుపు, పసుపు ఛాయ కలవు. కనుక మనము వెదుకవలసినది 1986 నాటి ఉడుపును, అందును ఈ ఒక్క బడి ఉడుపును.

మొదటి నియమము, కత్తెర పట్టుటకు ముందు కలము పట్టవలెను. దృశ్యమును తెరపై నిలిపి, పట్టీలు ఎన్ని, ఏ రంగు పైన, ఏ రంగు క్రింద, మెడ ఎట్టిది, చేతులు ఎంత పొడవు, అక్షరములు ఎచ్చట ఉన్నవి అను వివరములను వరుసగా వ్రాసికొనవలెను. ఒకే దృశ్యమును నమ్మరాదు; రాత్రి వెలుగులో ఆకుపచ్చ నలుపుగ తోచును. పగటి దృశ్యమునుండియే గుడ్డ రంగును నిర్ణయింపవలెను.

పనియంతయు పావడాలో ఉన్నది. ఒక్కొక్క కుచ్చు పైకి ఒక అంగుళము కనిపింపవలెనన్న లోపల రెండు అంగుళముల మడత పోవును. అనగా మూడు అంగుళముల గుడ్డ కావలెను. ఉదాహరణకు తుంటి కొలత 36 అంగుళములైన, చుట్టును కుచ్చిళ్ళు పెట్టుటకు 108 అంగుళముల గుడ్డ పట్టును. 58 అంగుళముల పన్నా గల గుడ్డను రెండు పన్నాలు జతచేసిన 116 అంగుళములు వచ్చును. కుట్లకు పోను సరిపోవును. నడుము తుంటికన్న 8 అంగుళములు తక్కువైనచో, ఆ 8 అంగుళములను 36 కుచ్చిళ్ళకు పంచి, ఒక్కొక్కదానిని పైభాగమున పావు అంగుళమునకు కొంచెము లోపుగ అదనముగ మడువవలెను. అంతయు ఒకచోట నొక్కినచో పావడా ఒక ప్రక్క ఉబ్బును. అంచు పట్టీలను గుడ్డ చదునుగ నున్నపుడే కుట్టి, ఆ తరువాత కుచ్చిళ్ళు పెట్టవలెను. ముందు కుచ్చిళ్ళు పెట్టినవారు పట్టీ కుట్టలేక మరల విప్పుకొనవలసి వచ్చును. ఆ కాలపు పావడాలలో తరచుగా మడత లోపలి భాగము వేరు రంగున ఉండెడిది. నిలిచినపుడు అది కానరాదు, గిరుక్కున తిరిగినపుడు తళుక్కుమనును. నూలు గుడ్డలో కుచ్చు నిలువదు. పాలియెస్టరు కలిసిన గుడ్డను తీసికొని, తడిగుడ్డ పరచి ఇస్త్రీ చేసిన మడత చిరకాలముండును. ఆకుపచ్చ రంగు తెలుపునకు అంటు ప్రమాదమున్నది కనుక, గుడ్డను కత్తిరింపకముందే నానవేసి ఆరవేయుట మేలు.

పైతొడుగుపై అక్షరములను రంగుతో వ్రాయరాదు. ఫెల్టు గుడ్డను కత్తిరించి కుట్టవలెను. మేజోళ్ళు, బూట్లు తెల్లనివై యుండవలెను. చేతిలోని కుచ్చుబంతులు, వారి వాడుకలో పాంపాములు, తొలుత కాగితముతో చేయబడినవే. వాన పడిన కాగితము కరగి రంగు కారుచుండుటచే 1960ల నడుమ వినైల్ రేకులతో చేయు పద్ధతి వచ్చినది. 1986 వేషమునకు వినైల్ పోగులే తగును.

ఇచ్చట ఒక చిక్కు ప్రశ్న. జుట్టునకు కట్టు కుచ్చుల రబ్బరు పట్టీని, అనగా స్క్రంచీని, 1980ల వేషమున్నచోటనెల్ల తగిలించుట ఆచారమైనది. ఆ వస్తువునకు రామీ రెవ్సన్ అను గాయని నమూనా చేసినది 1986లో. పేటెంటు లభించినది 1987లో. మన కథ 1986 వసంతములోనిది. అప్పటికి ఇండియానాలోని ఒక చిన్న ఊరి పిల్ల చేతికి అది చేరుట సందేహమే. వట్టి రిబ్బను కట్టిన ఏ దోషమును లేదు. తెరపై చూచినదానిని అనుసరింపవలెనా, ఆ సంవత్సరమును అనుసరింపవలెనా అను ప్రశ్నకు మా సమాధానమిది: పాత్ర వేషము వేయువారు తెరను, కాలపు వేషము వేయువారు సంవత్సరమును పట్టుకొనవలెను. ఏది ఎంచుకొన్నను చివరివరకు దానినే పాటించుట యథార్థత.

అన్నిటికన్న ముఖ్యమైన మాట ఒకటి మిగిలినది. ఈ పాత్ర పైకి నవ్వుచు గంతులిడు పిల్ల. లోపల నలిగిపోవుచున్న పిల్ల. ఆమెను పీడించు భ్రాంతులలో ఒకదానిలో తల్లి కుట్టుమిషను ముందు కూర్చుండి, కూతురి దుస్తులను వదులు చేయుచున్నానని తీయని గొంతుతో పలుకును. ప్రేమగా వినవచ్చు ఆ మాటలో ఉన్నది నిందయే. ఆ నిందకు వెరచియే ఆ పిల్ల తిన్నది దాచుగా కక్కుకొనుచుండును. ఇట్టి కథలోని ఉడుపును కుట్టుచు, కొలత టేపు చేతపట్టి, ఎదుట నిలిచిన బిడ్డ నడుమును గూర్చి వ్యాఖ్యానించుట ఎంత విపరీతము! సిద్ధ వేషమును కొని అందులో పట్టుటకై వారము దినములు అన్నము మానిన పిల్ల, క్రిస్సీ వేషము వేసినది కాదు, క్రిస్సీ కష్టమును నెత్తిన వేసికొన్నది.

అట్లే ఆ నటి జుట్టు బంగారు ఛాయ గలదని, మన పిల్లల నల్లని జుట్టునకు రంగు పూయనక్కరలేదు. నుదుట కొంత జుట్టు ముందునకు వదలి, మిగిలినది వెనుకకెత్తి కట్టిన చాలును. మార్పు చేయవలసినది గుడ్డకే గాని మనిషికి కాదు. గుడ్డ తక్కువైన అంగడిలో ఇంకొక గజము దొరకును.

కనుక గృహిణులకు మా మనవి. కొలతలు తీయునపుడు వచ్చిన అంకెను కాగితముపై వ్రాసికొనుడు. దానిని పైకి చదువకుడు, నిరుటి అంకెతో పోల్చకుడు. కుట్లలో రెండు వైపుల ఒక్కొక్క అంగుళము అదనముగ ఉంచుడు. ఎదుగు పిల్లలకు మరుసటి సంవత్సరము అది అక్కరకు వచ్చును.