సంతృప్తం
(తెలుగు తరగతి విద్యార్థుల కోసం చేసిన ప్రసంగం)

బాలబాలికలారా!

మీ తెలుగు గురువుగారు నన్ను పిలిచి, "పిల్లలకు సైన్సు మాట ఒక్కటి తెలుగులో చెప్పి వెళ్ళండి" అన్నారు. ఒక్క మాటే అడిగినందుకు సంతోషించాను. పది మాటలు పైపైన తెలుసుకోవడం కన్నా ఒక మాటను అడుగుదాకా తెలుసుకోవడం మేలు. నేను ఎన్నుకున్న మాట "సంతృప్తం". మీ సైన్సు తరగతిలో దీన్నే ఇంగ్లీషులో సాచురేటెడ్ అంటారు.

ముందు మాటను విప్పి చూద్దాం. 'తృప్తి' మీకు తెలిసినదే. కడుపునిండా భోజనం చేసి, ఇక చాలు అనిపించినప్పుడు కలిగేది తృప్తి. దానికి ముందు 'సం' చేరితే 'బాగా, పూర్తిగా' అనే అర్థం వస్తుంది. కాబట్టి సంతృప్తం అంటే పూర్తిగా తృప్తి పొందినది. ఇంకొక తమాషా చూడండి. ఇంగ్లీషు మాటకు మూలం లాటిన్ భాషలోని 'సాతుర్' అనే పదం. దానికి కూడా 'కడుపు నిండిన' అనే అర్థం! ఎక్కడి రోము, ఎక్కడి మన భాష! రెండు చోట్లా ఈ మాట అన్నం దగ్గరి నుంచే వచ్చింది.

మరి నీటికి కడుపు ఉంటుందా? ఉండదు. కాని నీటికీ ఒక హద్దు ఉంది. ఒక గ్లాసులో 100 గ్రాముల నీళ్ళు పోయండి. అందులో ఒక చెంచా ఉప్పు వేసి కలపండి. కరిగిపోతుంది. ఇంకొక చెంచా వేయండి. అదీ కరుగుతుంది. ఇలా వేస్తూ పోతే, సుమారు 36 గ్రాములు, అంటే ఆరు చెంచాలు, పూర్తయ్యేసరికి ఉప్పు గ్లాసు అడుగున నిలిచిపోతుంది. ఎంత కలిపినా కరగదు. "ఇక నాకు చాలు" అని నీరు చెప్పినట్లే.

ఇక్కడ మూడు మాటలు గుర్తుంచుకోండి. కరిగేది ద్రావితం. కరిగించుకొనేది ద్రావణి. రెండూ కలిస్తే వచ్చేది ద్రావణం. ఒక ఉష్ణోగ్రత దగ్గర ద్రావణి ఎంత ద్రావితాన్ని కరిగించుకోగలదో అంతా కరిగించుకొని ఉంటే, అది సంతృప్త ద్రావణం. ఇంకా చోటు మిగిలి ఉంటే, అది అసంతృప్త ద్రావణం.

అడుగున ఉప్పు మిగిలింది గనుక కరగడం ఆగిపోయిందని అనుకోకండి. నిండిన బస్సును తలచుకోండి. ఒకరు దిగితే ఒకరు ఎక్కుతారు. లోపలి లెక్క మారదు. సంతృప్త ద్రావణంలోనూ అంతే. అడుగున ఉన్న ఉప్పులో కొంత కరుగుతూనే ఉంటుంది. కరిగిన ఉప్పులో అంతే భాగం తిరిగి గట్టిపడుతూ ఉంటుంది. రెండూ సమానం కాబట్టి మన కంటికి ఏమీ జరగనట్లు కనిపిస్తుంది.

ఇప్పుడు నా తప్పు ఒకటి చెబుతాను. మీ వయసులో ఉన్నప్పుడు పరీక్షలో ఒక ప్రశ్న వచ్చింది: "సంతృప్త ద్రావణం అంటే గాఢమైన ద్రావణమేనా?" నేను ధీమాగా "అవును" అని రాశాను. సున్న వచ్చింది. ఇంటికి వచ్చి మూల కూర్చున్నాను.

మా తాత ఆ రోజుల్లో ఒక చక్కెర మిల్లులో పంచదార వండే పనిలో ఉండేవాడు. మన పూర్వులలో చాలామంది 19వ శతాబ్దంలో కోరంగి మొదలైన రేవులలో ఓడలెక్కి, ఈ మారిషస్ దీవికి చెరకు తోటల పనికి వచ్చినవారే కదా. తాత చదువుకోలేదు. ఇంట్లో క్రియోల్ మాట్లాడేవాడు. తెలుగు మాటలు కొన్నే మిగిలాయి. కాని భోజనం ముగించి చెయ్యి కడుక్కొన్నాక రోజూ ఒక మాట తప్పక అనేవాడు: "తృప్తి!"

నా ముఖం చూసి సంగతి అడిగాడు. చెప్పాను. ఆయన సున్నపు డబ్బా తెచ్చి, చిటికెడు సున్నం ఒక చెంబు నీళ్ళలో వేసి కలిపాడు. కాసేపటికి పైన తేట నిలిచింది, అడుగున తెల్లగా సున్నం పేరుకొంది.

"ఈ నీళ్ళు ఇంకా సున్నం తీసుకుంటాయా?" అని అడిగాడు.

"తీసుకోవు తాతా, అడుగున మిగిలింది కదా."

"అయితే దీని కడుపు నిండినట్లే. మరి ఇది చిక్కగా ఉందా?"

లేదు! నీళ్ళలా పలచగా ఉంది. 100 గ్రాముల నీటిలో సున్నం ఒక గ్రాములో ఐదో వంతు కూడా కరగదు. అంత కొద్దిపాటికే నీరు సంతృప్తమవుతుంది. అదే పంచదార అయితే, 100 గ్రాముల నీటిలో 150 గ్రాములు కరిగించినా, పాకం చిక్కగా ఉంటుంది గాని ఇంకా అసంతృప్తమే. చూశారా! సున్నపు తేట సంతృప్తం, కాని గాఢం కాదు. ఈ పంచదార నీరు గాఢం, కాని సంతృప్తం కాదు. పిట్టకు గుప్పెడు గింజలతో కడుపు నిండుతుంది. ఏనుగుకు బండెడు గడ్డి తిన్నా నిండకపోవచ్చు. 'ఎంత తిన్నది' వేరు, 'కడుపు నిండిందా' వేరు. నాకు మాట తెలుసు, వస్తువు తెలియదు. తాతకు వస్తువు తెలుసు, మాట తెలియదు. ఆ సాయంత్రం రెండూ కలిశాయి.

ఇప్పుడు వేడి సంగతి చూద్దాం. సంతృప్తం అని చెప్పేటప్పుడు ఏ ఉష్ణోగ్రత దగ్గర అన్నది కూడా చెప్పాలి. 20 డిగ్రీల దగ్గర 100 గ్రాముల నీటిలో సుమారు 200 గ్రాముల పంచదార కరుగుతుంది. 100 డిగ్రీల దగ్గర 480 గ్రాములకు పైగా కరుగుతుంది. ఉప్పు అలా కాదు. 20 డిగ్రీల దగ్గర 36 గ్రాములు, 100 డిగ్రీల దగ్గర 39 గ్రాములు, అంతే.

పంచదారను వేడి నీటిలో నిండుగా కరిగించి, కదపకుండా చల్లార్చామనుకోండి. లెక్క ప్రకారం 280 గ్రాములు బయటికి రావాలి. కాని ఒక్కొక్కసారి వెంటనే రావు. నీరు మోయలేని బరువును మోస్తూ ఊరకే నిలిచి ఉంటుంది. దీన్ని అతిసంతృప్త ద్రావణం అంటారు. అందులో ఒక్క పంచదార పలుకు పడితే చాలు, దాని చుట్టూ మిగతా పంచదార చేరి స్ఫటికాలు కడుతుంది. మీరు తినే పటికబెల్లం ఇలా తయారయ్యేదే. చిక్కటి పాకంలో దారం వేలాడదీస్తే, కొన్ని రోజులలో దారానికి మెరిసే పలుకులు అంటుకొంటాయి.

మన వంటింట్లో దీనికి చక్కని మాటలున్నాయి. మా నాయనమ్మ పాకాన్ని రెండు వేళ్ళ మధ్య సాగదీసి, తీగ వస్తే "తీగ పాకం" అనేది. చల్లటి నీళ్ళలో చుక్క వేసి, అది ఉండ కడితే "ఉండ పాకం" అనేది. అరిసెలకు ఏది కావాలో, లడ్డుకు ఏది కావాలో ఆమె వేళ్ళకు తెలుసు. పాకం గడ్డకట్టకుండా నాలుగు చుక్కల నిమ్మరసం పిండేది. నిమ్మరసంలోని ఆమ్లం పంచదారలో కొంత భాగాన్ని గ్లూకోజు, ఫ్రక్టోజు అనే రెండు చక్కెరలుగా విడగొడుతుంది. అవి మధ్యలో అడ్డు నిలిచి పలుకులు కట్టనివ్వవు. ఒక హెచ్చరిక: ఉండ పాకం వేడి సుమారు 112 నుంచి 116 డిగ్రీలు, అంటే మరిగే నీటికన్నా ఎక్కువ. పైగా ఒంటికి అంటుకొంటుంది. పెద్దవాళ్ళు దగ్గర లేకుండా పాకం జోలికి పోవద్దు.

మిల్లులో తాత చేసే పని కూడా ఇదే, కాని చాలా పెద్ద ఎత్తున. చెరకును పిండి రసం తీస్తారు. సున్నం కలిపి, వేడిచేసి, మడ్డిని తేర్చి తీసివేస్తారు. ఆ రసాన్ని కాచి చిక్కబరచి, వాక్యూమ్ పాన్ అనే మూసిన పెద్ద పాత్రలోకి పంపుతారు. ఎడ్వర్డ్ హోవర్డ్ అనే ఆంగ్ల రసాయన శాస్త్రజ్ఞుడు 1813 ప్రాంతంలో దీన్ని కనిపెట్టాడు. లోపల గాలి ఒత్తిడి తక్కువ కాబట్టి రసం 60, 70 డిగ్రీలకే మరుగుతుంది, మాడిపోదు. రసం అతిసంతృప్తం కాగానే సన్నని చక్కెర పొడిని విత్తనంలా వేస్తారు. ఆ విత్తనాలే పెరిగి పలుకులవుతాయి.

ఇక్కడే నేర్పు కావాలి. రసం సంతృప్తానికి కొంచెం పైన ఉంటే, వేసిన పలుకులు మాత్రమే పెరుగుతాయి. మరీ పైకి పోతే, పిలవని పేరంటానికి వచ్చినట్లు కొత్త పలుకులు వేలకు వేలు పుడతాయి. అన్నీ పొడిపొడిగా ఉండిపోతాయి. అప్పుడు మడ్డి నుంచి చక్కెరను వేరుచేయడం కష్టమవుతుంది. తాత మాటిమాటికి ఒక చుక్క తీసి, గాజు పలక మీద రాసి, దీపం వెలుగులో చూసేవాడు. ఒక రాత్రి కన్ను మూతపడి ఆ చుక్క చూడడం ఆలస్యమైంది. పాన్ నిండా సన్నపొడి పుట్టింది. నీళ్ళు పోసి, దాన్ని తిరిగి కరిగించి, మళ్ళీ మొదటినుంచి వండవలసి వచ్చింది. ఆ రోజు కూలి పోయింది. ఆ సంగతి చెప్పి తాత నవ్వలేదు. "ఇక చాలని రసం చెప్పింది. నేను వినలేదు" అన్నాడు.

ఇప్పుడు మన దీవిలో ఆనాటి మిల్లులు చాలావరకు మూతపడ్డాయి. చెరకు చేల మధ్య పొగగొట్టాలు మాత్రం నిలిచి ఉన్నాయి. పాంప్లెమూస్ దగ్గరి బో ప్లాన్ మిల్లు 1999లో ఆగిపోయింది. 2002లో దాన్ని మ్యూజియంగా తెరిచారు. అక్కడికి వెళ్ళినప్పుడు ఆ పాత యంత్రాల ముందు ఒక్క నిమిషం నిలబడండి. మీలో కొందరి ముత్తాతలు అలాంటి వాటి పక్కనే రాత్రుళ్ళు మేలుకొన్నారు.

ఈ మాటకు ఇంకా రెండు వాడుకలున్నాయి.

మొదటిది గాలిలో. గాలి నీటి ఆవిరిని పట్టి ఉంచుతుంది. 30 డిగ్రీల దగ్గర ఒక ఘనపు మీటరు గాలిలో సుమారు 30 గ్రాముల ఆవిరి పడుతుంది. 20 డిగ్రీల దగ్గర 17 గ్రాములే. సముద్రపు గాలి క్యూర్‌పిప్ మిట్టకు ఎక్కేకొద్దీ చల్లబడి సంతృప్తమవుతుంది. ఎక్కువైన ఆవిరి మంచుగా, వానగా మారుతుంది. అక్కడ ఆరవేసిన బట్టలు ఎందుకు త్వరగా ఆరవో ఇప్పుడు మీకు తెలిసింది.

రెండవది నూనెలలో. 'సంతృప్త కొవ్వు' అని ఆహారపు పొట్లాల మీద చూస్తారు. దీన్ని ద్రావణంతో కలిపి తికమక పడకండి. ఇక్కడ ఏదీ కరగడం లేదు. కార్బన్ పరమాణువుకు నాలుగు చేతులున్నాయనుకోండి. కొవ్వులోని కార్బన్ గొలుసులో పక్కపక్క కార్బన్లు ఒక్కొక్క చేతితోనే పట్టుకొని, మిగతా చేతులన్నిటితో హైడ్రోజన్‌ను పట్టుకొంటే, ఇక కొత్త హైడ్రోజన్‌కు చోటు లేదు. అది సంతృప్తం. ఎక్కడైనా రెండు కార్బన్లు రెండేసి చేతులతో పట్టుకొంటే, ఇంకా చోటు ఉన్నట్లే. అది అసంతృప్తం. కొబ్బరినూనెలో, వెన్నలో సంతృప్త కొవ్వు ఎక్కువ. పొద్దుతిరుగుడు నూనెలో అసంతృప్త కొవ్వు ఎక్కువ. మనకు ఆహారం వల్ల వచ్చే శక్తిలో సంతృప్త కొవ్వుల పాలు 10 శాతం మించరాదని ప్రపంచ ఆరోగ్య సంస్థ సలహా. 'సంతృప్తం' అన్న మాట అందంగా ఉంది గదా అని ఎక్కువ తినకండి!

నీటిలో, గాలిలో, నూనెలో మూడు చోట్లా అర్థపు వేరు ఒకటే: ఇక చోటు లేదు. అయితే దేనికి చోటు లేదో ప్రతిసారీ అడగాలి. ఉప్పుకా, ఆవిరికా, హైడ్రోజన్‌కా? ఆ ప్రశ్న వేయడం నేర్చుకొంటే మీరు నాలా సున్న తెచ్చుకోరు.

బాలబాలికలారా! తెలుగు పండుగకు, పాటకు, దేవుడి గుడికి మాత్రమే పనికివస్తుందని కొందరు అనుకొంటారు. ఇవాళ మీరు ఒక రసాయన శాస్త్రపు మాటను తెలుగులో విన్నారు, అర్థం చేసుకొన్నారు. ఈ సాయంత్రం ఇంటికి వెళ్ళి, గ్లాసు నీళ్ళు, ఉప్పు తీసుకొని మీ తమ్ముడికో చెల్లెలికో చేసి చూపండి. అడుగున ఉప్పు మిగలగానే, ఆ మాట తెలుగులో చెప్పండి. రాత్రి భోజనం అయ్యాక మా తాత మాట కూడా ఒకసారి అనండి.



అభ్యాసం
1. ద్రావితం, ద్రావణి, ద్రావణం: ఈ మూడింటికీ మీ వంటింటి నుంచి ఒక్కొక్క ఉదాహరణ ఇవ్వండి.
2. సున్నపు తేట సంతృప్తం అయినా గాఢం కాదు. ఎందుకు?
3. రసం మరీ అతిసంతృప్తమైతే మిల్లులో ఏమి నష్టం జరుగుతుంది?
4. 'సంతృప్త గాలి', 'సంతృప్త కొవ్వు': వీటిలో దేనికి చోటు లేదో రాయండి.
5. మీ ఇంటి పెద్దలను అడిగి, వారికి గుర్తున్న తెలుగు వంటింటి మాటలు ఐదు రాసుకొని రండి.