చప్పట్లు ఆగాక బతుకేమిటి?

(యువజనుల సభలో చేసిన ప్రసంగం)



నన్ను ఆటల గురించి మాట్లాడమన్నారు. మన దగ్గరి ఆటగాళ్ల గురించి మీరే నాకంటే బాగా చెబుతారు. అందుకే మన పేపర్లలో పెద్దగా కనపడని ఒక మనిషి గురించి చెబుతాను. పేరు వైసాలే సెరెవి. దేశం ఫిజీ. ఆడేది రగ్బీ. అందులోనూ ఏడుగురు ఆడే రగ్బీ, సెవెన్స్ అంటారు.

ఫిజీ మనకు పూర్తిగా తెలియని దేశమేం కాదు. 1903 నుంచి 1916 దాకా చెరకు తోటల్లో కూలికి మద్రాసు రేవులో ఓడలెక్కించిన వాళ్లలో విశాఖ, గోదావరి జిల్లాల తెలుగువాళ్లు కూడా ఉన్నారు. సెరెవి వాళ్ల వంశం కాదు, ఆ దీవుల మూలవాసి. అక్కడ రగ్బీ మూలవాసుల ఆట. ఫుట్‌బాల్ ఎక్కువగా మన కూలీల మనవల ఆట. ఒకే నేల మీద బతికే ఇద్దర్నీ బ్రిటిష్ వాళ్లు విడివిడిగా ఉంచి పాలించారు. ఆ గోడ ఆటలో కూడా మిగిలింది.

మామూలు రగ్బీలో ఒక్కో పక్క 15 మంది, 80 నిమిషాలు. సెవెన్స్‌లో మైదానం అంతే పెద్దది గానీ మనుషులు ఏడుగురే. ఏడేసి నిమిషాలు రెండుసార్లు ఆడితే అయిపోతుంది. ఖాళీ ఎక్కువ గనక ఒంటి బరువు కంటే పరుగు, కంటిచూపు, చేతి ఒడుపు పనికొస్తాయి. దీన్ని కనిపెట్టింది ఏ దొరబాబూ కాదు. 1883లో స్కాట్లాండులో మెల్రోజ్ అనే చిన్న ఊళ్లో మాంసం కొట్టులో పనిచేసే నెడ్ హేగ్. క్లబ్బుకు డబ్బు కావాల్సొచ్చి, తక్కువ మందితో పోటీలు పెడదామన్నాడు. మాంసం కొట్టుకునేవాడి బుర్రలో పుట్టిన ఆట ఒలింపిక్స్ దాకా వెళ్లింది.

ఇక డబ్బు సంగతి. ఇంగ్లండు ఉత్తరాన గనుల్లో, మిల్లుల్లో పనిచేసేవాళ్లు రగ్బీ ఆడేవాళ్లు. ఆటకెళ్లిన రోజు కూలి పోతోంది, ఆ కూలన్నా ఇవ్వండి అని అడిగారు. పెద్దమనుషులు ఒప్పుకోలేదు. 1895లో ఆ క్లబ్బులు విడిపోయి వేరే రగ్బీ పెట్టుకున్నాయి. పెద్దమనుషుల రగ్బీలో మాత్రం ఆటకు జీతం ఇవ్వకూడదన్న కట్టడి 1995 దాకా, అంటే నూరేళ్లు నడిచింది. ఆటను ప్రేమ కోసమే ఆడాలట! కడుపు నిండినోడు చెప్పే నీతి ఇది. రెక్కాడితేగానీ డొక్కాడనోడికి ప్రేమతో పాటు పూట కూడా గడవాలి గదా.

సెరెవి ఆ కట్టడి ఉన్న రోజుల్లోనే వచ్చాడు. 1968లో ఫిజీ రాజధాని సువాలో పుట్టాడు. ఎత్తు అయిదడుగుల ఏడంగుళాలు. రగ్బీలో పొట్టివాడి కిందే లెక్క. బంతి పట్టుకుని తీరిగ్గా నిలబడ్డట్టే ఉంటాడు. ఎదుటివాడు మీదకి దూకేసరికి అక్కడుండడు. ఒక పక్క చూస్తూ ఇంకో పక్కకి బంతి విసురుతాడు. 1989లో హాంకాంగ్ పోటీల్లో మొదటిసారి దేశం తరఫున ఆడాడు. ఆ తర్వాత 1990, 1991, 1992 వరసగా మూడేళ్లు అక్కడ ఫిజీయే గెలిచింది. 1997 ప్రపంచ కప్ ఫైనల్లో దక్షిణాఫ్రికాను 24-21తో ఓడించింది. 2005లో, 36 ఏళ్ల వయసులో మళ్లీ కెప్టెన్‌గా దిగి, న్యూజిలాండ్‌ను 29-19తో ఓడించి రెండో కప్పు తెచ్చాడు. ఏటా జరిగే ప్రపంచ సిరీస్‌ను అంతదాకా ఆరేళ్లూ న్యూజిలాండే గెలిచింది. 2005-06లో సెరెవి తానే ఆడుతూ తానే కోచ్‌గా ఉండి దాన్నీ ఫిజీకి తెచ్చాడు.

మరి బతుకు? బతుకు కోసం దేశాలు తిరిగాడు. జపాన్‌లో మిత్సుబిషి కంపెనీ జట్టు, ఇంగ్లండులో లెస్టర్, తర్వాత ఫ్రాన్స్. పేరు ఫిజీకి, కూడు పరదేశంలో. కోచ్ పని కూడా నిలకడగా సాగలేదు. ఒకసారి తీశారు, మళ్లీ పిలిచారు, 2009 మొదట్లో ప్రపంచ కప్పు దగ్గర పడ్డాక మళ్లీ తీసేశారు. ఆ మార్చిలో దుబాయ్‌లో ఫిజీ క్వార్టర్ ఫైనల్లోనే కెన్యా చేతిలో ఓడిపోయింది. అదే ఏడు అక్టోబరులో సెవెన్స్‌ను ఒలింపిక్స్‌లో చేర్చాలని తీర్మానించారు. అప్పటికి సెరెవికి 41 ఏళ్లు. ఆటకు ప్రపంచమంతా పేరు తెచ్చిన మనిషికి ఒలింపిక్ మైదానం అందలేదు.

తర్వాత ఆయన అమెరికా వెళ్లాడు. సియాటిల్‌లో తన పేరుతోనే సంస్థ పెట్టి అక్కడి పిల్లలకు ఆట నేర్పాడు. 2013లో అంతర్జాతీయ రగ్బీ సంస్థ తన మహామహుల జాబితాలో ఆయన పేరు చేర్చింది.

2016లో రియోలో ఫిజీ ఫైనల్లో బ్రిటన్‌ను 43-7తో ఓడించింది. పాతకాలపు ఏలికల మీదే గెలుపు! ఆ దేశానికి అదే మొట్టమొదటి ఒలింపిక్ పతకం. సెలవిచ్చారు, ఊరేగించారు, మరుసటేడు ఆ గెలుపు గుర్తుగా ఏడు డాలర్ల నోటే అచ్చేశారు. కోచ్ బెన్ రయాన్ ఇంగ్లండు మనిషి. ఆయన పనిని నేను తక్కువ చేయడం లేదు. నేను అడిగేది ఒక్కటే. ఇరవై ఏళ్లు ఆటలో కూడబెట్టిన సెరెవి తెలివి అప్పుడెక్కడుంది? సముద్రం అవతల, అమెరికా పిల్లల దగ్గర.

బాగానే బతికాడు గదా, బాధేమిటి అని మీరడగొచ్చు. ఆయన దారి ఆయన వెతుక్కున్నాడు, అందుకు దండం పెట్టాలి. కానీ అందరూ సెరెవిలు కారు. రియో జట్టులో జెర్రీ తువాయ్ ఉన్నాడు. సువా పక్కన న్యూటౌన్ అనే గుడిసెల పేటలో ఒక్క గది రేకుల ఇంట్లో పెరిగాడు. ప్లాస్టిక్ సీసానే బంతి చేసుకుని ఆడాడు. 2021లో టోక్యోలో కెప్టెన్‌గా ఉండి రెండో బంగారం తెచ్చాడు. 2024లో పారిస్‌లో వెండి తెచ్చాడు. ఆ పేటలో ఇవాళ సీసాతో ఆడే పిల్లల్లో ఎంతమంది ఆ మెట్టు ఎక్కగలరు? ఎక్కలేక మోకాలు విరిగినవాడి సంగతి ఎవరు రాస్తారు?

తమ్ముళ్లూ, చెల్లెళ్లూ, రెండు మాటలు చెప్పి ముగిస్తాను. ఆడండి, గట్టిగా ఆడండి. కానీ మిమ్మల్ని భుజాల మీద మోసేవాళ్లను, కాలు విరిగితే ఆస్పత్రి ఖర్చెవరిది, ఆట మానేశాక ఉద్యోగమేది, నేర్పే కుర్చీలో కూర్చోబెట్టేదెవర్ని అని ముందే అడగండి. చప్పట్లు కొట్టడం తేలిక. కూలడిగిన ఆ గని పనివాళ్లు 1895లోనే అడిగిన ప్రశ్న ఇది. ఇంకా జవాబు బాకీ ఉంది.