పోలీసులు చెప్పిన కథ

1954 నుంచీ జర్నలిజం నేర్పుతున్న ఉస్మానియా విశ్వవిద్యాలయంలో నిలబడ్డాను కనుక, పట్టాలందుకుంటున్న మీలో నేరం మీద, న్యాయం మీద డాక్యుమెంటరీలు తీయాలనుకునేవాళ్లతోనే నాకు ముఖ్యంగా పని. పోలీసులు చెప్పిన కథకు బొమ్మలు అతికిస్తే డాక్యుమెంటరీ అయిపోదు. ఆ కథ ఎలా తయారైందో చూపించాలి. 2019 డిసెంబరు 6 తెల్లవారుజామున హైదరాబాద్ దగ్గరి చటాన్‌పల్లిలో నలుగురు అత్యాచార నిందితులను పోలీసులు కాల్చి చంపితే జనం వెళ్లి పోలీసుల మీద పూలు చల్లారు. సుప్రీంకోర్టు నియమించిన సిర్పుర్కర్ కమిషన్ మాత్రం, చంపాలనే ఉద్దేశంతోనే కాల్చారనీ, చనిపోయినవాళ్లలో ముగ్గురు మైనర్లనీ తేల్చింది. ఆ పూల వీడియో మీరంతా చూసే ఉంటారు. 2022లో బయటికొచ్చిన ఆ నివేదికను ఎందరు చదివారు? ఇంత చదువుకుని అదొక్కటీ చదవకపోతే ఎలా నాన్నా!

బిడ్డను పోగొట్టుకున్న తల్లి ఏడుస్తుంటే ఈ సందేహాలేమిటి, నిందితుల కొమ్ము కాయడం కాదా అంటారు. అడగాల్సిన ప్రశ్నే. 2007 డిసెంబరులో విజయవాడ దగ్గర ఇబ్రహీంపట్నం హాస్టల్లో ఒక విద్యార్థిని హత్యకు గురైంది. పోలీసులు ఒక యువకుణ్ణి పట్టుకొచ్చి ఇతనే అన్నారు, 2010లో కింది కోర్టు అవునంది, 2017లో హైకోర్టు కాదని విడుదల చేసింది. తర్వాత సీబీఐ మళ్లీ దర్యాప్తు మొదలుపెట్టాల్సి వచ్చింది. ఆ కుర్రాడు నిర్దోషి అని ఎన్నో ఏళ్లుగా చెబుతూ వచ్చింది ఎవరో తెలుసా? చనిపోయిన అమ్మాయి కన్నవాళ్లే. తప్పు మనిషిని శిక్షిస్తే అన్యాయమయ్యేది రెండిళ్లకూ. కాబట్టి దర్యాప్తును ప్రశ్నించడం బాధితుల పక్షాన నిలబడటమే.

ఇలా ప్రతి దర్యాప్తునూ ప్రశ్నిస్తూ ఇంత ఓపిగ్గా సినిమా తీస్తే చూసేదెవరు, డబ్బు పెట్టేదెవరు అన్న మాట కొట్టిపారేయలేం. తీరికగా తీసిన సినిమాకు సొమ్ము దొరకడం కష్టమే. కానీ 1984 నాటి హైదరాబాద్ మతకల్లోలాల మీద దీపా ధన్‌రాజ్ 1986లో తీసిన ‘క్యా హువా ఇస్ షహర్ కో’ను ఇప్పటికీ చూస్తున్నారు. కత్తి పట్టిన చేతి దగ్గరే ఆమె ఆగిపోలేదు. ఊరేగింపులను, నాయకుల ఉపన్యాసాలను, పాతబస్తీ జనం గోడును పక్కపక్కన పెట్టి, ఈ అల్లర్ల వల్ల లాభం ఎవరికని అడిగారు. మీరు ఈ క్యాంపస్ పక్కనున్న తార్నాక దాటి ఏ ఊరు వెళ్లినా, ఎఫ్‌ఐఆర్, పంచనామా, పోస్ట్‌మార్టం రిపోర్టు, తీర్పు కాపీ చదవకుండా ఒక్క షాట్ కూడా ఎడిటింగ్ టేబుల్ మీదికి తీసుకెళ్లకండి.