మగ్గానికి ముందు



ఈ మెట్ట ఊరు వినగడపలో సదస్సేమిటి, బందరులోనో బెజవాడలోనో పెట్టుకోక, అని నిన్నటి నుంచి కొందరు పెద్దలు గొణుగుతున్నారు. కట్టలేరు దాటి వచ్చేసరికి నడుములు పట్టేశాయని మరికొందరు. నాకైతే కార్యవర్గాన్ని మెచ్చుకోవాలనే ఉంది. తెలుగుదేశపు నూలుబట్ట చరిత్రను ఇన్నేళ్ళూ సముద్రపు ఒడ్డున నిలబడి రాశాం. ఓడ ఎక్కిన బట్టనే చూశాం. ఒక్కసారి మెట్ట మీద నిలబడి చూద్దాం. ఇక్కడ చుట్టుపక్కల ఉన్నది నల్లరేగడి, అందులో పత్తి. బట్ట ఇక్కడ మొదలైంది, రేవులో కాదు.

మోటుపల్లి శాసనం, మార్కోపోలో, 1605లో డచ్చివాళ్ళు, 1611లో ఇంగ్లీషువాళ్ళు బందరులో దిగడం, గోల్కొండ నవాబుల కాలపు కలంకారీ, 1687లో మొగలాయిల రాక, 1759లో ఫోర్డ్ బందరు కోట పట్టుకోవడం, బ్రిటన్‌లో 1700లోనూ 1721లోనూ మన రంగుబట్టల మీద వచ్చిన నిషేధపు చట్టాలు ఇవన్నీ మీకు కొట్టినపిండి. వాటి జోలికి పోను. ఇంగ్లీషు కంపెనీ ఉద్యోగి మెథ్వోల్డ్ తన గోల్కొండ వృత్తాంతంలో ఎర్రరంగునిచ్చే చిరివేరు గురించి ఏం రాశాడో, డచ్చి కంపెనీ ఉద్యోగి హావర్ట్ బందరు గురించి ఏం రాశాడో ఎత్తి చూపడానికి ఈ సభలోనే పదిమంది సిద్ధంగా ఉన్నారు. రేపటి పత్రాల జాబితా చూశాను. సగానికి పైగా బందరు మీదే. తప్పు లేదు. కాని చిరివేరు ఎర్రదనం మీద నలభై పేజీలు రాసే పండితుడు, ఆ ఎరుపు పట్టిన దారం ఎవరు వడికారన్న ప్రశ్నకు నాలుగు వాక్యాలైనా ఇవ్వడు. నా జీవితమంతా ఈ ఒక్క ప్రశ్నతోనే గడిచింది. ‘మళ్ళీ మొదలుపెట్టాడు’ అని వెనక వరుసలో ఎవరో అంటున్నారు, వినపడింది. అవును, మళ్ళీ మొదలుపెడుతున్నాను.

నేను పరిశోధనలో చేరిన కొత్తలో ఒక పెద్దాయన నన్ను కూర్చోబెట్టి హితవు చెప్పారు. ‘రాట్నం మీద ఏముందయ్యా? అది ఆడవాళ్ళ తీరిక పని. రేవు మీద చెయ్యి. డచ్చివాళ్ళ కాగితాలున్నాయి, ఉద్యోగమూ వస్తుంది’ అన్నారు. ఆయన చెప్పినట్టే రేవు మీద చేసినవాళ్ళకు ఉద్యోగాలు వచ్చాయి కూడా. ఆయన మాటలో నిజం లేకపోలేదు. కాగితం ఉన్నచోటికే చరిత్రకారుడు పోతాడు. కంపెనీవాడు బట్ట కొన్నాడు, అందుకు కాగితం రాశాడు. నూలు వాడికి అంతగా అక్కర్లేదు. వారపు సంతలో సాలె నూలు కొంటుంటే పక్కన నిలబడి ఎవరు లెక్క రాస్తారు? అందుకని నూలుకు చరిత్ర లేదనుకున్నాం. కాగితం లేకపోవడం వేరు, చరిత్ర లేకపోవడం వేరు.

ఆ కాగితాల్లోనే కొంచెం వెతికితే దారి దొరుకుతుందని చూపించిన చరిత్రకారుడు జోసెఫ్ బ్రెనిగ్. పదిహేడో శతాబ్దపు డచ్చి రికార్డుల్లోంచి గోదావరి డెల్టా నేతపల్లెల్ని బయటికి తీస్తూ, ఆ పల్లెలకు పత్తి ఎక్కడనుంచి వచ్చిందని అడిగాడు. డెల్టాలో అంత పత్తి పండదు. దక్కను లోపలి నుంచి లంబాడీలు వేల ఎడ్ల మీద తెచ్చారు. వచ్చేటప్పుడు పత్తి, ధాన్యం; పోయేటప్పుడు కోస్తా ఉప్పు. మెట్టకీ డెల్టాకీ నడుమ ఉన్న ఊళ్ళలో ఆ పత్తి నూలుగా మారింది. నూలు సంతలో మగ్గానికి చేరింది. ఈ గొలుసులో రేవు చిట్టచివరి లంకె. మనవాళ్ళు బ్రెనిగ్‌ను ఓడల లెక్కల కోసం చదివారు, పత్తి దారి దగ్గరికి వచ్చేసరికి పేజీ తిప్పేశారు.

ఇంకో మాట. ఒక మగ్గం ఆడాలంటే కనీసం నాలుగు రాట్నాలు తిరగాలి. బట్ట సన్నదైతే ఇంకా ఎక్కువ. అంటే మగ్గం ముందు కూర్చున్న ఒక్క మనిషి వెనక నలుగురు ఆడవాళ్ళున్నారు. వాళ్ళ వెనక గింజ తీసేవాళ్ళు, విల్లుతో దూది ఏకే దూదేకులవాళ్ళు, ఎడ్లు తోలే లంబాడీలు, పత్తి ఏరే కూలీలు. దేవాంగులకు పురాణం ఉంది. పద్మశాలీలకు భావనాఋషి ఉన్నాడు. కులసంఘాలవారు వేసుకున్న చరిత్రలు నా అలమారలో ఒక అర నిండా ఉన్నాయి, గౌరవంగానే దాచుకున్నాను. అయితే ఒకటి గమనించండి. ఆ పురాణంలో కూడా నూలు తామరతూడు నుంచి వచ్చిందే గాని, వడికిన ఆడదాని చేతినుంచి రాలేదు. దూదేకులవారికి పురాణమూ లేదు, మనం రాసిన చరిత్రా లేదు. మన జిల్లాలో వాళ్ళ ఇల్లు లేని పెద్ద ఊరు అరుదు.

ఇక నా పాత తగాదా. పాఠ్యపుస్తకాల నుంచి సభల్లో ఉపన్యాసాల దాకా ఒకే వాక్యం వినిపిస్తుంది: మాంచెస్టర్ వచ్చింది, మగ్గం చచ్చింది. నేతగాళ్ళ వేళ్ళు నరికారన్న కట్టుకథ కూడా దీనికి తోకగా తగిలిస్తారు. దీనిమీద నేనెన్ని సభల్లో అరిచానో, ఎందరు మిత్రులు నాతో మాట్లాడడం మానేశారో చెప్పను. మగ్గం చావలేదండీ. 1930లో ఎన్.జి. రంగా గారు చేనేత ఆర్థిక స్థితి మీద పుస్తకం వేసేనాటికి మద్రాసు రాజధానిలో లక్షల మంది నేస్తూనే ఉన్నారు. చీరాల, పెడన, మంగళగిరిలో ఇవాళా నేస్తున్నారు. చీరాల తేలియా రుమాళ్ళు నూనెలో, ఆముదపు కాయల బూడిదలో నానిన దారంతో తయారై అరేబియా దాకా పోయాయి. బందరు అద్దకాలు పంతొమ్మిదో శతాబ్దమంతా ఇరాన్‌కు పోతూనే ఉన్నాయి. చచ్చింది రాట్నం. విలాయతీ మిల్లు నూలు 1820ల నుంచి దిగడం మొదలైంది. సాలెకు అది చవక, తెగదు, ఎంత కావాలంటే అంత దొరుకుతుంది. అతను కొన్నాడు. నేను అతన్ని తప్పుపట్టను. మిల్లు నూలే మగ్గాన్ని ఇంకో నూరేళ్ళు బతికించిందని కూడా అంటాను. కాని అదే దెబ్బకు ఆ నలుగురు ఆడవాళ్ళ పని పోయింది. మగ్గాల మీద వేసిన మొతర్ఫా పన్ను, దాని మీద అర్జీలు, రికార్డులు, పరిశోధనలు ఉన్నాయి. పి. స్వర్ణలత గారు 2005లో అచ్చయిన తన పుస్తకంలో ఉత్తర కోరమాండల్ నేతగాళ్ళ తిరుగుబాట్లనూ అర్జీలనూ ఎంత ఓపికగా బయటపెట్టారో చదవని వాళ్ళు ముందు అది చదవండి. ఆ అర్జీల్లో సాలె మాట్లాడతాడు. వడికే మనిషి మాట్లాడదు. బెంగాలీలకు ఒక్క ఉత్తరం దక్కింది: 1828లో సమాచార్ దర్పణ్ పత్రికలో శాంతిపురం నుంచి ఒక వితంతువు రాసిందిగా అచ్చయింది. రాట్నం మీద సంపాదించి కూతుళ్ళకు పెళ్ళిళ్ళు చేశాననీ, పైదేశపు నూలు వచ్చి నోటి దగ్గరి కూడు పోయిందనీ దాని సారం. ఆ ఉత్తరం ఆమే రాసిందా, ఎవరైనా రాసిపెట్టారా అని అక్కడి పండితులు తన్నుకుంటారు. తన్నుకోవడానికైనా వాళ్ళకొక ఉత్తరం ఉంది. మనకు అదీ లేదు.

పోనీ, బట్టనే సాక్ష్యం అడుగుదామంటే అదీ కుదరదు. ఫోర్బ్స్ వాట్సన్ 1866లో మన దేశపు బట్టలు 700 నమూనాలు కత్తిరించి, 18 సంపుటాలుగా అంటించి, ఇరవై ప్రతులు చేయించాడు. పదమూడు ప్రతులు బ్రిటన్‌లో ఉంచుకుని ఏడు ఇక్కడికి ఇచ్చారు. లాంకషైర్ మిల్లువాడు చూసి అచ్చం అలాంటి బట్టే దించడానికి. ప్రతి ముక్కకూ ఊరు, పొడవు, వెడల్పు, బరువు, వెల ఉన్నాయి. మొదటిసారి చూసినప్పుడు ఆ పనితనానికి నాకు నోట మాట రాలేదు. రెండోసారి చూస్తే కోపం వచ్చింది. దారం చేతిదా, మిల్లుదా అన్న ఒక్క గడి ఉండివుంటే మన తగాదాలు సగం తీరేవి. మన మ్యూజియంలలో చీరల కింద పెట్టే చీటీలూ అంతే. అగ్గిపెట్టెలో పట్టే చీర గురించి నూరుసార్లు విన్నాం, ఆ చీరకు దారం తీసిందెవరో ఒక్కసారీ వినలేదు.

చేతి నూలు ఎలా ఉంటుందో తెలియకుండా దాని చరిత్ర రాయలేం కనుక యువ పరిశోధకులను నేను ఎప్పుడూ శ్రీకాకుళం జిల్లా పొందూరు పొమ్మంటాను. అక్కడ కొండపత్తి, పునాసపత్తి వాడతారు. గింజ మీద ఉన్న పత్తినే ముందు వాలుగ చేప దవడ ఎముకతో దువ్వుతారు. ఆ దవడకుండే సన్నటి పళ్ళు పోగును చిక్కు లేకుండా ఒకే దిక్కుకు పరుస్తాయి. గింజను అప్పటికింకా తీయరు. దువ్విన తరువాతే పీట మీద పెట్టి ఇనుప కడ్డీ దొర్లించి గింజను బయటికి తోస్తారు. చిన్న విల్లుతో ఏకుతారు. ఏకులు చుట్టి, ఎండిన అరటి దొప్పలో దాచి, అందులోంచే ఒక్కొక్కటి తీసి ఒంటి కదురు రాట్నం మీద వడుకుతారు. నూరో నంబరు సన్న నూలు అలా వస్తుంది. నేను చూసిన ఆవిడ మాట్లాడుతూనే దవడ ఆడిస్తోంది. ఒక గింజ దగ్గర ఆగి పారేసింది. ఎందుకమ్మా అంటే, ‘ఇది వానకు తడిసిన కాయ బాబూ, మజ్జలోనే తెగుద్ది’ అంది. ఆ తడి నా కంటికి ఆనలేదు, కెమెరాకూ ఆనలేదు. ఈ విద్యకు మన ఆర్థిక చరిత్రల్లో పెట్టిన పేరు తీరిక పని!

మెట్ట పత్తి దగ్గరికి వస్తాను. పల్నాడు నుంచి కృష్ణా మెట్టల దాకా, నైజాం ఇలాకాలోకి కూడా, ఎరుపు కలిసిన ఒక దేశవాళీ పత్తి పండేది. వ్యాపారులు దాన్ని కాకినాడ పత్తి అని పిలిచారు. కాకినాడ రేవులో ఎక్కించారు కనుక! ఇక్కడ పండించినవాడికి పేరైనా దక్కలేదు. ఆ పోగు పొట్టిది. చేతికి బాగానే లొంగేది. మిల్లు యంత్రానికి పొడుగు పోగు కావాలి. 1861లో అమెరికాలో అంతర్యుద్ధం రాగానే పత్తి ధర ఎగిసింది, మన పత్తి కోసం ఎగబడ్డారు. యుద్ధం 1865లో ఆగగానే మన పత్తి పొట్టిదన్నారు. అప్పటినుంచి యంత్రానికి తగ్గట్టు విత్తనాన్ని మార్చడమే పత్తి పరిశోధన అయింది.

మన ఉమ్మడి కృష్ణా జిల్లావాడే పింగళి వెంకయ్య. మునగాలలో కంబోడియా పత్తి మీద పనిచేసి ‘పత్తి వెంకయ్య’ అనిపించుకున్నాడు. 1921లో బెజవాడ కాంగ్రెస్ కమిటీ సమావేశంలో గాంధీకి జెండా చూపించినందుకు ఆయన విగ్రహాలు ఊరూరా ఉన్నాయి. జెండా వెంకయ్యను పూజించండి, కాదనను. పత్తి వెంకయ్య గురించి పరిశోధన చేయమని నేను నా విద్యార్థులను ఎంతగా పోరానో! చెవిన వేసుకున్నవాడు లేడు. ఆ బెజవాడ సమావేశంలోనే దేశమంతటా ఇరవై లక్షల రాట్నాలు తిప్పాలని తీర్మానించారు. చనిపోయిన రాట్నాన్ని రాజకీయం లేపింది. కాని అప్పటికి ఎన్ని ఊళ్ళలో ఇంకా వడుకుతున్నారు, ఏ ఊళ్ళో ఎవరు ఎవరికి తిరిగి నేర్పారు, ఏ పత్తి వాడారు? మన స్వాతంత్ర్యోద్యమ చరిత్రకారులు సభల తేదీలు చెబుతారు, ఇవి చెప్పరు.

2002లో బీటీ విత్తనం వచ్చాక దేశవాళీ పత్తి మన చేలల్లోంచి దాదాపుగా తుడిచిపెట్టుకుపోయింది. అంతకు ముందే 1987-88లో ప్రకాశం, గుంటూరు పత్తిరైతుల చావులు చూశాం, 1997-98లో వరంగల్ చూశాం. ఇవాళ రైతు పత్తి అమ్ముతాడు, అది జిన్నింగు మిల్లులో బేళ్ళయిపోతుంది, ఎక్కడో నూలవుతుంది, ఆ నూలు మన మంగళగిరికి తిరిగొస్తుంది. ఈ గొలుసును మళ్ళీ చిన్నది చేద్దామని ‘మల్ఖా’ మొదలుపెట్టిన ఉజ్రమ్మ గారు, మీనా మీనన్‌తో కలిసి 2017లో పత్తి ప్రయాణం మీద ఒక పుస్తకం వేశారు. వాళ్ళ వాదనలు కొన్ని నేను ఒప్పుకోను. మగ్గం మీద, మన్ను మీద ఉన్న ఆశ కొన్నిచోట్ల ఆధారాన్ని దాటిపోయిందనిపిస్తుంది. కాని పత్తి, నూలు, బట్ట మూడూ ఒకే పుస్తకంలో కలిపి చూసిన ధైర్యం వాళ్ళది. యూనివర్సిటీ మనుషులం మనం చేయలేదు.

ఇక మీ అందరికీ ఒక విన్నపం. బందరు మీద ఇంకో పత్రం రాసేముందు ఒక్క ఏడాది ఆగండి. మీ మీ ఊళ్ళలో ఎనభై దాటిన అమ్మమ్మలున్నారు, దూదేకుల కుటుంబాల్లో విల్లు పట్టిన తాతల్ని చూసిన మనుమలున్నారు, తండాల్లో ఎడ్ల దారులు చెప్పే పెద్దలున్నారు. అటక మీద రాట్నం ఉంటే పాత సామాన్లవాడికి వేయకండి. చక్రం కొలత, కదురు పొడవు, ఎవరిది, ఎప్పటిదాకా వాడారు రాసుకోండి. జమీందారీ కచేరీ లెక్కలు మీ ఇళ్ళలో మూలపడి ఉంటే చెదలు పట్టకముందే ఫోటోలు తీయించండి. గంపలగూడెం జమీ లెక్కలు ఎవరి దగ్గరైనా ఉంటే ఈ రాత్రే నాకు చెప్పండి, రేపు పొద్దున నేనే వస్తాను. వచ్చే సదస్సుకు పత్రం లేకుండా వచ్చినా ఫర్వాలేదు. మీ ఊళ్ళో చివరిసారి నూలు వడికిన మనిషి పేరు, ఊరు, ఆమె వాడిన పత్తి, ఆమె దగ్గర కొన్నవాడి పేరు పట్టుకురండి. ఆ పేర్లు చదవడానికే ఒక పూట కేటాయించమని కార్యవర్గాన్ని కోరుతున్నాను.