లెక్కల వెనుక మనుషులు
(సంఘ వార్షిక సమావేశంలో చేసిన ప్రసంగ పాఠం)



నేను ప్రచార వ్యానులో ప్రొజెక్టర్ ఆపరేటరుగా పనిచేసి రిటైరైనవాణ్ణి. రచ్చబండ దగ్గర తెరకట్టి 16 ఎం.ఎం. రీళ్లు వేసిన చేతులివి. అందుకే డాక్యుమెంటరీ ఛాయాగ్రాహకులు కీ.శే. నవ్రోజ్ కాంట్రాక్టర్ గారి గురించి నాలుగు మాటలు చెప్పమనగానే ఒప్పుకున్నాను. ఆయన 2023 జూన్‌లో రోడ్డు ప్రమాదంలో మరణించారు.

పూనా ఫిల్మ్ ఇన్‌స్టిట్యూట్‌లో చదివి, మణి కౌల్ తీసిన 'దువిధ' (1973)కు కెమెరా పట్టి పేరు తెచ్చుకున్నారు. ఆ పేరుతో పెద్ద సినిమాల వెంట పడలేదు. 1980లో, మన హైదరాబాదులో పుట్టిన దీపా ధన్‌రాజ్ గారితోనూ మరికొందరితోనూ కలిసి 'యుగాంతర్' బృందాన్ని స్థాపించారు. పూనాలో ఇళ్లలో పనిచేసే స్త్రీలు, నిపాణి పొగాకు కార్మికురాళ్లు వారి చిత్రాలలో తమ గోడు తామే చెప్పుకున్నారు. 1983లో స్త్రీశక్తి సంఘటనతో కలిసి తెలుగులో 'ఇది కథ మాత్రమేనా' తీశారు. నాలుగు గోడల మధ్య భార్య పడే హింస అందులోని విషయం. శిక్షాస్మృతిలో 498-ఎ సెక్షను చేరింది కూడా ఆ ఏడాదే.

ఇప్పుడు ఫోనులో గంటలకొద్దీ తీస్తున్నాం. ఆనాడు 400 అడుగుల రీలు పదకొండు నిమిషాల్లో అయిపోయేది. ఫిల్ము ఖరీదు, కడిగించడానికి మళ్లీ ఖర్చు. అలాంటి రోజుల్లో ఒక పేదరాలు మాట కూడదీసుకునేదాకా కెమెరా తిప్పుతూ ఓపిక పట్టడం సామాన్యం కాదు.

ఆ దంపతులు నిర్మించిన 'సమ్‌థింగ్ లైక్ ఎ వార్' (1991) మనబోటి ఉద్యోగులు తప్పక చూడదగినది. కుటుంబ నియంత్రణ శిబిరంలో ఒకరి తర్వాత ఒకరికి లాపరోస్కోపీ ఆపరేషన్లు జరిగిపోతుంటాయి. వేరొకచోట స్త్రీలు గుండ్రంగా కూర్చుని తమ శరీరాల గురించి, పిల్లల గురించి మనసు విప్పి మాట్లాడుకుంటారు. మార్చి నెలాఖరులోగా ఇన్ని 'కేసులు' తేవాలన్న ఒత్తిడి ఈ సభలో చాలామందికి గుర్తుండే ఉంటుంది. రిజిస్టరులో అంకెగా నమోదైన ఆడమనిషికి ఆనాడు ఏమనిపించిందో ఈ చిత్రం వినిపిస్తుంది. 1996 ఏప్రిల్‌లో కేంద్రం ఆ లక్ష్యాల పద్ధతిని దేశమంతటా ఎత్తివేసింది.

మిత్రులారా! ఆ శిబిరాల్లో పనిచేసిన నర్సమ్మలు, ఉపాధ్యాయులు, గ్రామోద్యోగులు మనలోనే ఉన్నారు. ఫైళ్లకెక్కనిది మీ కళ్లకు తెలుసు. మనవలను పక్కన కూర్చోబెట్టుకుని చెప్పండి, వాళ్ల ఫోనులో రికార్డు చేయించండి. మనతో పోనివ్వకండి.