దర్శకురాలు భానుమతి



శ్రీమతి భానుమతీ రామకృష్ణగారి పేరు చెప్పగానే మనకు మొదట స్ఫురించునది ఆమె కంఠము. పిదప 'మల్లీశ్వరి'లోని రూపము. ఆ పిదప 'అత్తగారి కథలు'. ఇన్ని విద్యలు ఒక్కరియందు కనిపించినప్పుడు 'బహుముఖ ప్రజ్ఞాశాలిని' యని ప్రశంసించి ఊరకుందుము. ఆ ప్రశంస ఉచితమైనదే. కాని దాని చాటున ఆమె చేసిన మిక్కిలి కష్టమైన పని యొకటి మరుగున పడుచున్నది. అది చలనచిత్ర దర్శకత్వము. తక్కిన విద్యలన్నియు ఆ పనికెట్లు తోడ్పడునో నేడు మనవి చేయుదును.

దర్శకుని పని యెట్టిదో విశాఖవాసులకు సులభముగా బోధపడును. డాల్ఫిన్ నోస్ కొండ ప్రక్కనున్న ఇరుకు కాలువలో పెద్ద ఓడను లోనికి తెచ్చుటకు రేవు పైలట్ ఓడ నెక్కును. ఒడ్డున నిలిచినవారికి ఓడ కనబడును గాని పైలట్ కనబడడు. అయినను నీటిలోతు, గాలివాటు, ఓడబరువు ఎరిగి మాట చెప్పవలసినవాడతడే. అట్లే ప్రేక్షకులు తారను చూతురు, దర్శకుని చూడరు.

భానుమతిగారు 1925 సెప్టెంబరు 7వ తేదీన ఒంగోలు సమీపమున దొడ్డవరము గ్రామములో జన్మించిరి. తండ్రి బొమ్మరాజు వెంకటసుబ్బయ్యగారు సంగీతప్రియులు. ఆమెకు తొలి గురువు ఆయనయే. 1939లో చిత్తజల్లు పుల్లయ్యగారి 'వరవిక్రయము'తో ఆమె చిత్రసీమలో ప్రవేశించిరి. 1943లో పి. ఎస్. రామకృష్ణారావుగారిని వివాహమాడిరి. దంపతులు తమ కుమారుని పేర భరణీ సంస్థను నెలకొల్పి చిత్రనిర్మాణమునకు పూనుకొనిరి. 1949 నాటి 'లైలా మజ్ను' ఈ సంస్థదే.

సొంత సంస్థ యుండుట ఇచట గమనింపదగిన సంగతి. మన దేశమున 1926లో దర్శకత్వము వహించిన ఫాత్మా బేగం, 1936లో అరవమున ఆ పని చేసిన టి. పి. రాజలక్ష్మి తమ సొంత నిర్మాణములందే ఆ అవకాశమును పొందిరి. పరుల ధనమును, పెద్ద పనివారి బృందమును స్త్రీ చేతికి అప్పగించు అలవాటు ఆనాడు లేకుండెను.

1953లో భానుమతిగారు 'చండీరాణి'కి దర్శకత్వము వహించి, తెలుగున తొలి మహిళా దర్శకురాలైరి. అప్పటికి ఆమెకు ముప్పది యేండ్లైనను నిండలేదు. ఆ చిత్రము తెలుగు, తమిళము, హిందీ భాషలు మూడింటను నిర్మింపబడెను. అందు ద్విపాత్రాభినయము కూడ ఆమెదే. ఆ కాలమున ఇట్టి దృశ్యములకు సాధారణముగా ఫిల్ముపై ఒక సగము మూసి చిత్రీకరించి, వెనుకకు త్రిప్పి, రెండవ సగమును చిత్రీకరించెడివారు. కెమెరా ఇసుమంత కదలినను శ్రమ వృథా. పైగా భాష మారినప్పుడెల్ల మాటల నిడివి మారును. నటుల నడకయు మారవలెను. బాల్యమునుండి అలవడిన తాళజ్ఞానము ఇట్టి పనికి అక్కరకు వచ్చునది గదా! అత్తగారి పలుకులోని విరుపును పట్టుకొనగల రచయిత్రికి సంభాషణలోని లోపము చెవికి తోచకపోదు. కావున ఆమె విద్యలు వేర్వేరు ఆభరణములు కావు. ఒకే పనికి ఉపకరించు పనిముట్లు.

తరువాత 1972లో 'అంతా మన మంచికే', 1974లో 'అమ్మాయి పెళ్ళి' ఆమె దర్శకత్వమున వెలువడెను. బాలబాలికలే పాత్రధారులుగా 1982లో 'భక్త ధ్రువ మార్కండేయ' నిర్మించిరి. ఈలోగా 1968లో సావిత్రిగారు 'చిన్నారి పాపలు' తీసిరి. 1973లో 'మీనా'తో తెలుగున దర్శకురాలైన విజయనిర్మలగారు మొత్తము 44 చిత్రములకు దర్శకత్వము వహించి, 2002లో గిన్నిస్ గ్రంథమున కెక్కిరి. తొలి దారి వేసినవారు భానుమతిగారు.

1966లో పద్మశ్రీ, 2001లో పద్మభూషణ్ ఆమెను వరించెను. 'నాలో నేను' అను ఆత్మకథకు జాతీయ పురస్కారము లభించెను. 2005 డిసెంబరు 24వ తేదీన ఆమె పరమపదించిరి.

మన యిండ్లలో బాలిక పాడినను, వ్రాసినను ముచ్చటపడుదుము. నలుగురి యెదుట చెప్పుకొందుము. కాని ఒక పనిని మొదటినుండి తుదివరకు నడుపు బాధ్యత నొసగుటకు మాత్రము సంకోచింతుము. ప్రశంస ఎంత యిచ్చినను బాధ్యతకు సాటి రాదు. భానుమతిగారు దానిని ఎవరో ఇచ్చువరకు వేచియుండలేదు.